మారుపేర్ల పార్టీ: పాకిస్తాన్ కమ్యూనిస్టుల కథ

(ఒక ఆదివారం సాయంత్రం గ్రంథాలయంలో చేసిన ప్రసంగ పాఠం)

అందరికీ నమస్కారం. వెనక నిలబడ్డవాళ్ళు ముందుకి రండి, ఇక్కడ కుర్చీలు ఖాళీగానే ఉన్నాయి. మన సభల్లో ముందు వరస ఎప్పుడూ ఖాళీయే.

నా తప్పు ఒకటి చెప్పి మొదలుపెడతాను. డిగ్రీ చదివే రోజుల్లో ఫైజ్ అహ్మద్ ఫైజ్ మీద ఒక వ్యాసం చదివాను. రావల్పిండి కుట్ర కేసులో ఆయన్ని హైదరాబాద్ జైల్లో పెట్టి విచారించారని అందులో ఉంది. హైదరాబాద్ జైలంటే నాకు తెలిసింది చంచల్‌గూడ ఒక్కటే. ఫైజ్ అంతటి కవి మన ఊరి జైల్లో ఉన్నాడని హాస్టల్లో పదిమందికి గొప్పగా చెప్పాను కూడా. ఒక ఉర్దూ మాస్టారు విని, "బాబూ, అది సింధులో ఉన్న హైదరాబాద్" అన్నారు. (నవ్వులు) ఆ సిగ్గుతోనే ఈ పార్టీ గురించి చదవడం మొదలుపెట్టాను. చదవగా చదవగా తెలిసిందేమిటంటే, నా తప్పు మరీ అంత తప్పు కాదు. పాకిస్తాన్ కమ్యూనిస్టు పార్టీ కథలో మన హైదరాబాద్ కూడా ఉంది. ఎక్కడ ఉందో తర్వాత చెబుతాను.

ముందు పుట్టుక సంగతి. 1948 ఫిబ్రవరి 28 నుంచి మార్చి 6 దాకా కలకత్తాలో భారత కమ్యూనిస్టు పార్టీ రెండో మహాసభ జరిగింది. ఆ మహాసభ గురించి తెలుగు వాళ్ళకి వేరే చెప్పాలా? పార్టీ ప్రధాన కార్యదర్శిగా పి.సి. జోషీ పోయి రణదివే వచ్చింది అక్కడే. వచ్చింది బూటకపు స్వాతంత్ర్యమని తేల్చింది అక్కడే. తెలంగాణ పోరాటాన్ని నెత్తిన పెట్టుకుంది కూడా అక్కడే. దాని మీద మనవాళ్ళు రాసిన పుస్తకాలు ఒక బీరువా నిండా ఉంటాయి. కానీ అదే సభలో ఇంకో తీర్మానం కూడా అయింది. పాకిస్తాన్ ఇప్పుడు వేరే దేశం కాబట్టి అక్కడ వేరే పార్టీ ఉండాలి అన్నారు. పశ్చిమ పాకిస్తాన్ నుంచి ఆ సభకి రాగలిగింది ముగ్గురు. ప్రధాన కార్యదర్శిగా సజ్జాద్ జహీర్‌ని ఎన్నుకున్నారు.

సజ్జాద్ జహీర్ ఎవరు? లక్నో మనిషి. తండ్రి వజీర్ హసన్ పెద్ద జడ్జి, 'సర్' బిరుదు ఉన్నాయన. కొడుకు లండన్‌లో చదివి, అక్కడే మిత్రులతో కలిసి అభ్యుదయ రచయితల సంఘానికి రూపం ఇచ్చాడు. 1936లో లక్నోలో ప్రేమ్‌చంద్ అధ్యక్షత వహించిన మొదటి మహాసభ వెనక ఉన్నది ఈయనే. మన అరసం కూడా ఆ చెట్టు కొమ్మే. స్నేహితులందరికీ ఆయన 'బన్నే భాయ్'. మెత్తని మాట, మంచి ఉర్దూ, అందరినీ కలుపుకుపోయే స్వభావం. అలాంటి మనిషిని లాహోర్ వెళ్ళి పార్టీ కట్టమన్నారు. భార్యాబిడ్డల్ని లక్నోలో వదిలేసి వెళ్ళారు. వెళ్ళీ వెళ్ళగానే అజ్ఞాతం. పంజాబీ రైతుతో పంజాబీలో మాట్లాడలేని నాయకుడు, పైగా బయట కనిపించకూడని నాయకుడు. కొత్త దేశంలో, కొత్త ఊళ్ళో, కొత్త పార్టీ. నాకైతే ఆయన మీద కోపం కంటే జాలి ఎక్కువ.

మరి అక్కడ పార్టీకి ఎవరు మిగిలారు? విభజనకి ముందు పంజాబ్‌లో పార్టీకి బలం ఎక్కువగా సిక్కు రైతుల్లో ఉండేది. చదువుకున్న కార్యకర్తల్లో హిందువులు చాలామంది. 1947లో ఆ నెత్తుటి వానలో వాళ్ళు తూర్పుకి వచ్చేశారు. పార్టీ ఆఫీసులు మిగిలాయి, పార్టీ తరలిపోయింది. ఉండిపోయినవాళ్ళు చెదురుమదురుగా ఉన్నారు. సింధులో శోభో జ్ఞాన్‌చందానీ ఉన్నారు, శాంతినికేతన్‌లో చదివొచ్చినాయన. హిందువు, కమ్యూనిస్టు, సింధీ జాతీయవాది. తనకి మూడు తలలని ఆయనే నవ్వుతూ చెప్పుకునేవారు. ఒక్క తల ఉన్నా జైల్లో పెట్టే రోజుల్లో మూడు తలలతో అక్కడే ఉండిపోయి, 2014 దాకా బతికారు. లాహోర్‌లో మిర్జా ఇబ్రహీం ఉన్నారు, మొఘల్‌పురా రైల్వే వర్క్‌షాపు కార్మికుల నాయకుడు. పాకిస్తాన్‌లో నికరమైన కార్మికవర్గం అంటూ ఉంటే అది రైల్వేలోనే ఉండేది. ఆ పార్టీకి కాళ్ళు నేల మీద ఆనింది ఆ షెడ్లలోనే అని నా అభిప్రాయం.

ఇంకో చిక్కు కూడా ఉంది. 1942 తర్వాత కమ్యూనిస్టు పార్టీ ముస్లింల స్వయం నిర్ణయాధికారాన్ని బలపరిచింది. ముస్లిం కార్యకర్తల్ని లీగ్‌లో చేరమంది. 1944లో పంజాబ్ ముస్లిం లీగ్ ఎన్నికల ప్రణాళిక రాసింది దానియల్ లతీఫీ, కమ్యూనిస్టు. భూసంస్కరణలు, కార్మిక హక్కులు అన్నీ రాశాడు. పాకిస్తాన్ వచ్చాక లీగ్‌లో ఉన్న జమీందార్లకి ఆ కాగితంతో పని తీరిపోయింది, రాసినవాళ్ళతోనూ పని తీరిపోయింది. చూడండి, అప్పటికే ఇది ఇంకొకరి జెండా కింద పనిచేసే అలవాటు. ఇదే చివరిదాకా వస్తుంది.

అలవాటు అన్నాను గానీ, మనం కూడా అదే చేశాం. తెలంగాణ పల్లెల్లో కమ్యూనిస్టు పార్టీ అని ఎవరన్నారు? ఆంధ్ర మహాసభ అన్నారు, ఇంకా దగ్గరగా 'సంగం' అన్నారు. సంగపోళ్ళొచ్చిన్రు అంటే చాలు. పేరు వేరైనా మనుషులెవరో ఊరికి తెలుసు. పాకిస్తాన్‌లో పేరు వేరైంది, మనుషులెవరో ఊరికి తెలియలేదు. పోలీసులకి మాత్రం తెలుసు.

ఇక ఆ చిన్న పార్టీ తన్ను తాను ఇంకా చిన్నది చేసుకున్న ముచ్చట ఒకటి చెప్పాలి. 1949 నవంబరులో లాహోర్‌లో అభ్యుదయ రచయితల మహాసభ జరిగింది. కలకత్తా లైను, అంటే ఆ మహాసభ తెచ్చిన తీవ్ర విధానం, అప్పటికి సాహిత్యంలోకి కూడా వచ్చేసింది. సాదత్ హసన్ మంటో లాంటి వాళ్ళ రచనల్ని తమ పత్రికల్లో వెయ్యకూడదని నిర్ణయించారు. మంటో! విభజన గురించి అంతటి కథలు రాసిన మనిషి. అదే మంటో మీద అశ్లీలం కేసు పెడితే కోర్టులో సాక్ష్యం చెప్పడానికి వెళ్ళింది ఫైజ్. అంటే ఒకే గుంపులో ఒకరు బోనెక్కి కాపాడుతుంటే, మిగతావాళ్ళు తలుపు మూస్తున్నారు. గుప్పెడు మందితో ఉన్న పార్టీ ముందుగా చేసిన పని జనాన్ని బయటికి పంపడం. మన దగ్గర కూడా ఇలాంటివి అయ్యాయి, ఈ హాల్లో ఉన్న పెద్దలు కొందరు తల ఊపుతున్నారు. (నవ్వులు) పేర్లు వద్దులెండి.

ఇప్పుడు రావల్పిండి. కుట్ర కేసు అన్న మాట మనకి కొత్తది కాదు. మీరట్ నుంచి పార్వతీపురం దాకా ఎన్నో చూశాం. కానీ రావల్పిండిది వేరే రకం. ఇందులో మొదటి ముద్దాయి సైన్యాధికారి. మేజర్ జనరల్ అక్బర్ ఖాన్, చీఫ్ ఆఫ్ జనరల్ స్టాఫ్. 1947లో కశ్మీర్ మీదికి గిరిజన దండుల్ని నడిపించినప్పుడు ఆయన పెట్టుకున్న మారుపేరు 'జనరల్ తారిఖ్'. 1949 జనవరి 1న కాల్పుల విరమణ వచ్చింది. గెలిచే యుద్ధాన్ని రాజకీయ నాయకులు ఆపేశారని ఆయనకీ, ఆయన చుట్టూ ఉన్న కొందరు ఆఫీసర్లకీ మంట. బ్రిటిష్ అధికారులు ఇంకా సైన్యంలో పెత్తనం చేస్తున్నారని ఇంకో మంట. ప్రభుత్వాన్ని మార్చెయ్యాలనుకున్నారు. మరి కమ్యూనిస్టులతో ఏం పని? మార్చాక జనంలో మాట చెప్పడానికి ఒక రాజకీయ పార్టీ కావాలి. కమ్యూనిస్టులకేమో అజ్ఞాతం నుంచి బయటపడే దారి కావాలి. ఎన్నికలు పెడతాం, మిమ్మల్ని బహిరంగంగా పనిచేసుకోనిస్తాం అన్నది బేరం.

1951 ఫిబ్రవరి 23న రావల్పిండిలో అక్బర్ ఖాన్ ఇంట్లో గంటల తరబడి మాట్లాడుకున్నారు. సజ్జాద్ జహీర్ ఉన్నారు, ఫైజ్ ఉన్నారు, ఇంకో కమ్యూనిస్టు మహమ్మద్ హుస్సేన్ అతా ఉన్నారు. మాట్లాడి మాట్లాడి, ఇది కుదరదని తేల్చి లేచారు. ఇక్కడే ఉంది అసలు విడ్డూరం. వద్దనుకుని ఇళ్ళకి వెళ్ళిపోయిన పనికి కేసు. చట్టం ప్రకారం కుట్ర అంటే పని చెయ్యడం కాదు, చేద్దామని ఒప్పుకోవడం. ఒప్పుకున్నారని సర్కారు వాదన, ఒప్పుకోలేదని ముద్దాయిల వాదన. కబురు పోలీసుల ద్వారా పైకి చేరింది. మార్చి 9న ప్రధాని లియాఖత్ అలీ ఖాన్ కుట్ర పట్టుబడిందని ప్రకటించారు. ఆ మర్నాడే పంజాబ్ శాసనసభ ఎన్నికల పోలింగ్ మొదలు. ఏ రోజు ప్రకటించాలో ఆయనకి బాగా తెలుసు.

పదిహేను మంది ముద్దాయిలు. పదకొండు మంది సైన్యంవాళ్ళు, నలుగురు పౌరులు. ఆ నలుగురిలో ఒకరు అక్బర్ ఖాన్ భార్య నసీమ్. ఈ ఒక్క కేసు కోసమే ప్రత్యేకంగా చట్టం చేశారు, ప్రత్యేక ట్రిబ్యునల్ వేశారు, రహస్యంగా విచారించారు. ముద్దాయిల వకీళ్ళలో ఒకరు సుహ్రావర్ది, ఆ తర్వాత దేశానికి ప్రధాని అయ్యారు. 1953 జనవరిలో తీర్పు. అక్బర్ ఖాన్‌కి పన్నెండేళ్ళు, ఫైజ్‌కీ సజ్జాద్ జహీర్‌కీ నాలుగేళ్ళు. ఫైజ్ జైల్లోనే తన గొప్ప కవిత్వం కొంత రాశారు. బన్నే భాయ్ అభ్యుదయ సాహిత్యోద్యమ చరిత్ర రాశారు. 1955లో బయటికి రాగానే ఆయన ఇండియాకి తిరిగొచ్చేశారు. ఏడేళ్ళు ప్రధాన కార్యదర్శి, అందులో మూడేళ్ళు అజ్ఞాతం, నాలుగేళ్ళు జైలు. ఒక్క బహిరంగ సభలోనైనా తన పార్టీ పేరు చెప్పి మాట్లాడే అదృష్టం ఆ మనిషికి కలగలేదు. అక్బర్ ఖాన్ మాత్రం 1970లలో భుట్టో ప్రభుత్వంలో జాతీయ భద్రత చూసే మంత్రి అయ్యారు. ఔను, భద్రతే. (నవ్వులు)

నన్నడిగితే, ఆ గదిలోకి వెళ్ళడమే తప్పు. జనాన్ని కూడగట్టడం కష్టం కాబట్టి జనరల్‌ని నమ్ముకున్నారు. అందుకు నాలుగేళ్ళు శిక్షపడింది ఆ గదిలోకి వెళ్ళిన ముగ్గురు పౌరులకి, కానీ వందల మందిని జైళ్ళలో వేశారు. యూనియన్లు విరిగిపోయాయి. ఆ దెబ్బ నుంచి పశ్చిమ పాకిస్తాన్‌లో పార్టీ మళ్ళీ నిలదొక్కుకోలేదు.

ఇక్కడ ఒక్క క్షణం ఆగి ఇటు చూడండి. కలకత్తా మహాసభ ఒక్కటే, లైను ఒక్కటే. మన దగ్గరా నిషేధం, మన దగ్గరా జైళ్ళు, కాల్పులు. అయినా 1951 అక్టోబరులో తెలంగాణ సాయుధ పోరాటాన్ని విరమించారు. 1952లో ఎన్నికలొచ్చాయి. హైదరాబాద్ రాష్ట్రంలో పార్టీ మీద నిషేధం ఉంది కాబట్టి పీపుల్స్ డెమోక్రటిక్ ఫ్రంట్ (పీడీఎఫ్) పేరుతో నిలబడ్డారు. నల్లగొండలో రావి నారాయణరెడ్డి గారికి నెహ్రూ కంటే ఎక్కువ ఓట్లొచ్చాయి. మారుపేరే, కానీ ఆ మారుపేరుకి ఓటు వెయ్యడానికి ఒక పెట్టె ఉంది. పాకిస్తాన్‌లో దేశమంతటా వయోజన ఓటుతో మొదటి సాధారణ ఎన్నికలు ఎప్పుడు జరిగాయి? 1970 డిసెంబరులో. ఇరవై మూడేళ్ళు. ఆ పార్టీ ఎందుకంత చిన్నది అని అడిగేవాళ్ళకి నేను మొదట ఈ లెక్క చెబుతాను. మంటో సంగతి, జనరల్ సంగతి తర్వాత చెబుతాను.

తూర్పు పాకిస్తాన్‌లో కథ వేరు. అక్కడ పార్టీకి వేళ్ళున్నాయి. తెభాగా పోరాటం, అంటే పంటలో మూడింట రెండొంతులు కౌలురైతుకే దక్కాలని. మైమన్‌సింగ్ వైపు హాజోంగ్ గిరిజనులతో మణి సింగ్, నాచోల్‌లో సంతాల్ రైతులతో ఇలా మిత్ర. ఇలా మిత్ర జమీందారీ కుటుంబపు కోడలు, అంతకుముందు మంచి క్రీడాకారిణి. 1950 జనవరిలో ఆమెని పట్టుకున్నారు. పోలీసులు ఆమెని ఏం చేశారో ఆమె కోర్టులో ఏమీ దాచకుండా చెప్పింది. ఆ రోజుల్లో ఒక ఆడమనిషి ఆ మాటలు కోర్టులో చెప్పడమంటే ఎంత గుండె కావాలో ఆలోచించండి. తర్వాత కలకత్తా వచ్చి వైద్యం చేయించుకుని, పశ్చిమ బెంగాల్ శాసనసభకి గెలిచింది. 1950 ఏప్రిల్ 24న రాజ్‌షాహీ జైల్లో ఖాప్రా వార్డులో కాల్పులు జరిపి ఏడుగురు కమ్యూనిస్టు ఖైదీల్ని చంపారు. దానికి రెండు నెలల ముందు ఫిబ్రవరిలో ఇటు సేలం జైల్లో ఇరవై ఇద్దర్ని చంపారు. సరిహద్దుకి ఇటూ అటూ జైలర్ల భాష మాత్రం ఒక్కటే.

1954 మార్చిలో తూర్పు బెంగాల్‌లో ఎన్నికలు జరిగాయి. ముస్లిం లీగ్ ఊడ్చుకుపోయింది, ఐక్య సంఘటన గెలిచింది. కమ్యూనిస్టులు కొందరు సొంత పేరుతో, మరికొందరు ఇతర పార్టీల టికెట్ల మీద సభకి వెళ్ళారు. మే నెలలో అమెరికాతో సైనిక సాయం ఒప్పందం కుదిరింది. అదే నెలాఖరుకి ఆ ప్రభుత్వాన్ని రద్దు చేశారు. జులైలో కమ్యూనిస్టు పార్టీని నిషేధించారు. నెలలు వరసగా చెప్పాను, మిగతాది మీరే అల్లుకోండి. తూర్పు విభాగం 1968లో వేరుపడి, 1971 తర్వాత బంగ్లాదేశ్ కమ్యూనిస్టు పార్టీ అయింది. ప్రవాస ప్రభుత్వానికి సలహాదారుల్లో మణి సింగ్ ఒకరు. అది ఇంకో ఉపన్యాసం.

నిషేధం తర్వాత పశ్చిమాన పార్టీ పూర్తిగా ఇతరుల ఇళ్ళలోకి చేరింది. వామపక్ష నాయకుడు మియాఁ ఇఫ్తిఖారుద్దీన్ పార్టీలో కొందరు, ఆయన పత్రికల్లో ఇంకొందరు. ఆ పత్రికల్లో పనిచేసిన సిబ్తె హసన్ అంతకుముందు మన హైదరాబాద్‌లో ఖాజీ అబ్దుల్ గఫార్ గారి 'పయాం' పత్రికలో పనిచేసినాయనే. 1957లో ఢాకాలో నేషనల్ అవామీ పార్టీ పుట్టింది, అధ్యక్షుడు మౌలానా భాషానీ. కమ్యూనిస్టులు అందులోకి వెళ్ళారు. మరుసటి ఏడాది అక్టోబరులో అయూబ్ ఖాన్ సైనిక పాలన. అన్ని పార్టీలూ రద్దు. 1959 ఏప్రిల్‌లో ఇఫ్తిఖారుద్దీన్ పత్రికల్ని సర్కారు లాగేసుకుంది.

ఇప్పుడు నేను మొదట్లో బాకీ పెట్టిన మన హైదరాబాద్.

హసన్ నాసిర్. 1928లో హైదరాబాద్‌లో పుట్టాడు. నవాబుల కుటుంబం. ముస్లిం లీగ్ స్థాపకుల్లో ఒకరైన మొహసినుల్ ముల్క్ బంధువర్గం. తెలంగాణలో రైతులు దొరల మీద లేస్తున్న రోజుల్లో ఎదిగిన కుర్రాడు. విభజన తర్వాత కరాచీ వెళ్ళాడు. బంధువుల బంగళాలు, ఉద్యోగాలు, పరపతి అన్నీ అందుబాటులో ఉన్నాయి. అవన్నీ కాదని కరాచీ మిల్లు కార్మికుల బస్తీల్లోకి వెళ్ళాడు. రావల్పిండి కేసు తర్వాత పెద్దవాళ్ళంతా జైల్లో ఉంటే పార్టీని మోసింది ఇలాంటి పాతికేళ్ళ కుర్రాళ్ళు. అతన్ని కూడా జైల్లో పెట్టి, 1954లో ఒక ఏడాది దేశం బయటికి పంపించేశారు. మళ్ళీ ఇక్కడికే వచ్చాడు. ఉండిపోవచ్చు. ఇల్లుంది, తల్లి ఉంది. ఏడాది కాగానే తిరిగి కరాచీ వెళ్ళాడు. నేషనల్ అవామీ పార్టీ ఆఫీసు పని చూసేవాడు. అంటే పైకి అవామీ పార్టీ, లోపల కమ్యూనిస్టు పార్టీ.

1960లో కరాచీలో పట్టుకుని లాహోర్ కోటకి తీసుకెళ్ళారు. మొఘలులు కట్టిన కోట. టూరిస్టులు చూసేది ఒక వైపు, ఇంటరాగేషన్ గదులు ఇంకో వైపు. నవంబరు 13న అతను చనిపోయాడు. ఉరేసుకున్నాడని ప్రభుత్వం చెప్పింది. మనిషిని కోర్టులో చూపించమని హెబియస్ కార్పస్ వేసింది మేజర్ ఇసాఖ్ మహమ్మద్, రావల్పిండి కేసులో శిక్షపడ్డ మేజరే, తర్వాత లాయరయ్యాడు. అప్పుడు బయటపడింది, అప్పటికే పూడ్చేశారని.

తల్లి హైదరాబాద్ నుంచి లాహోర్ వెళ్ళింది, కొడుకు శవాన్ని తెచ్చుకుందామని. డిసెంబరులో సమాధి తవ్వి చూపించారు. ఆమె చూసి, ఇది నా కొడుకు కాదంది. తీసుకోలేదు. వెనక్కి వచ్చేసింది. ముప్ఫై రెండేళ్ళ మనిషికి చివరికి తన పేరుతో ఒక గోరీ కూడా దక్కలేదు. ఇది చదివిన రోజు నేను చాలాసేపు పుస్తకం మూసి కూర్చున్నాను. మన ఊళ్ళో ఎన్ని విగ్రహాలున్నాయి, ఎన్ని వీధుల పేర్లున్నాయి!

(నీళ్ళు తాగి) టైం అయిందని అంటున్నారు. మిగతాది రెండు ముక్కల్లో చెప్పేస్తాను. 1960ల్లో మాస్కో, పెకింగ్ అని చీలిక, అది అందరి ఇళ్ళలోనూ జరిగిన గొడవే. 1968లో అఫ్జల్ బంగష్ వాళ్ళు మజ్దూర్ కిసాన్ పార్టీ పెట్టి వాయవ్య సరిహద్దు రాష్ట్రంలో హష్త్‌నగర్ కౌలురైతులతో గట్టిగా పనిచేశారు, మేజర్ ఇసాఖ్ తర్వాత అందులో చేరి నాయకుడయ్యారు. సైనిక పాలకుడు జియా ఉల్ హక్ కాలంలో కమ్యూనిస్టు పార్టీ బరువు సింధు మీదికి మారింది. 1980 ఆగస్టులో నజీర్ అబ్బాసీ అనే సింధీ యువకుడు కరాచీలో సైన్యం కస్టడీలో చనిపోయాడు. అంతకుముందే పార్టీ నాయకుడు జామ్ సాఖీని పట్టుకున్నారు.

శ్రోత: ఆ పార్టీ ఇప్పుడు ఉందాండీ?

పేరుంది. 1995లో మజ్దూర్ కిసాన్ పార్టీతో కలిసి ఒకటయ్యారు, మళ్ళీ విడిపోయారు, పాత పేరు మళ్ళీ పెట్టుకున్నారు. చిన్న చిన్న సంఘాలు ఉన్నాయి, మంచి మనుషులున్నారు. మీరు ఓట్ల లెక్క అడుగుతుంటే మాత్రం చెప్పుకోదగ్గది లేదు. అయితే జామ్ సాఖీ మాట మధ్యలో ఆపాను, అది పూర్తి చేస్తాను.

థార్ ఎడారి ప్రాంతం నుంచి వచ్చిన మనిషి. కరాచీలో ప్రత్యేక సైనిక కోర్టులో ఆయన మీదా, ఆయన సహచరుల మీదా దేశద్రోహం కింద విచారణ. ఆయన తన తరఫు సాక్షుల్ని పిలవాలని అడిగాడు. ఎవర్ని? పఠాన్ నాయకుడు వలీ ఖాన్‌ని, బలూచ్ నాయకుడు గౌస్ బక్ష్ బిజెంజోని, వామపక్ష నాయకుడు మేరాజ్ మహమ్మద్ ఖాన్‌ని, నిర్బంధంలో ఉన్న బేనజీర్ భుట్టోని. వలీ ఖాన్ పార్టీని నిషేధించింది బేనజీర్ తండ్రే. బిజెంజోని జైల్లో పెట్టింది కూడా ఆయన ప్రభుత్వమే. ఒకరి ముఖం ఒకరు చూసుకోని వాళ్ళు ఒకరి తర్వాత ఒకరు వచ్చి, సైనికాధికారుల ముందు నిలబడి, జామ్ సాఖీ దేశద్రోహి కాదని చెప్పారు. జియా పాలనలో ప్రతిపక్షం మాట్లాడటానికి వేరే చోటు లేదు. సభ లేదు, పత్రిక లేదు, అసెంబ్లీ లేదు. నిషేధంలో ఉన్న చిన్న పార్టీ మీద నడుస్తున్న కేసులో బోను ఒక్కటే మిగిలింది. అందులోకి ఎక్కి మాట్లాడిన ఆ నలుగురిలో ఆ పార్టీ సభ్యత్వం ఉన్నవాళ్ళు లేరు.